ఫ్రేములో చిక్కిన మిషన్

మా ఇంట్లో నాకంటే కుర్చీలకే సినిమా అనుభవం ఎక్కువ. నాన్న పనిచేసేవన్నీ చిన్న సినిమాలు. వాటిలో పాటలుండవు, ఊరంతా పోస్టర్లుండవు, ఒక్కోసారి చూసేవాళ్ళు కూడా ఉండరు. పదిమంది కలిసి ఒక కెమెరా, ఒక వ్యాను వేసుకుని తీసే సినిమాలవి. అలాంటి చోట నేను ఈ పనే చేస్తాను, ఆ పని చెయ్యను అంటే కుదరదు. నాన్న సెట్టు వేసేవాడు, లైట్లు మోసేవాడు, వ్యాను నడిపేవాడు, గోడలకు రంగులేసేవాడు, ఎవరి చొక్కాకు ఎన్ని గుండీలు పెట్టి ఉన్నాయో కాగితం మీద రాసుకునేవాడు, శవం వేషానికి మనిషి దొరక్కపోతే తనే పడుకునేవాడు. యూనిట్లో ఆయన్ని అష్టావధాని అనేవాళ్ళు. ఇంట్లో అమ్మ పెట్టిన పేరు వేరే ఉంది గానీ, అది ఇక్కడ రాసేది కాదు.

నాకు పదహారేళ్ళు నిండిన వేసవి అది. పరీక్షలు రాసేసి ఖాళీగా ఉన్నాను. అమ్మకు మాత్రం తల ఎత్తే తీరిక లేదు. మా వీధి చివరి బడివాళ్ళు పిల్లల యూనిఫారాలు కుట్టే పని మొదటిసారి ఆమె చేతిలో పెట్టారు. నూట ఇరవై జతలు. బడి తెరిచే రోజు పొద్దున్నకల్లా ఇవ్వాలి. అప్పటిదాకా అమ్మ కుట్టినవన్నీ ఇరుగూపొరుగు వాళ్ళ చొక్కాలు, దిండు గలేబులు. ఈ పని సవ్యంగా జరిగితే ఏటేటా తనకే వస్తుందని ఆమె ఆశ. ఆ ఆశ ఎవరికీ చెప్పలేదు గానీ, గుడ్డ కత్తిరించేటప్పుడు ఆమె పెదవులు బిగించే తీరులోనే మాకు తెలిసిపోయేది.

అప్పుడే నాన్న ఆమె మిషన్ మీద కన్నేశాడు.

"షూటింగు ఇంట్లో గోడ దగ్గర బోసిగా ఉంది. ఏదో ఒకటి పెట్టకపోతే అది మనుషులున్న ఇల్లులా లేదు. ఒక్క రోజే. రేపు సాయంత్రానికి నీ మిషన్ నీ దగ్గరుంటుంది," అన్నాడు.

"పోయిన ఏడాది గడియారం కూడా ఒక్క రోజుకే పట్టుకెళ్ళారు."

"తెచ్చానుగా!"

"ముళ్ళు లేకుండా తెచ్చారు."

"అది కథకి కావలసొచ్చింది," అన్నాడు నాన్న కాస్త నొచ్చుకుని.

అమ్మకు ఇంకా రెండు రోజుల కత్తిరింపు పని ఉంది. మిషన్ ఎక్కేది ఆ తర్వాతే. సరే పట్టుకెళ్ళండి అంది. అప్పటికే మా కుర్చీలు, నా మంచం, పరదాలు, నేను చదువుకునే బల్ల రెండు వీధుల అవతల నాన్న అప్పుడు పనిచేస్తున్న సినిమా కోసం అద్దెకు తీసుకున్న పాత ఇంటికి తరలిపోయాయి. మా ఇంట్లో మిగిలినవి పొయ్యి, ఒక చాప, మా నానమ్మ, ఆమె కూర్చున్న కుర్చీ. ఆ కుర్చీ కూడా ఆమె లేస్తే పోతుందని లేవడం లేదు.

మర్నాడు సాయంత్రం నాన్న ఉత్త చేతులతో వచ్చాడు. వచ్చి, చెప్పులు విప్పడానికి కావలసిన దానికంటే చాలాసేపు తీసుకున్నాడు.

"మిషనేదీ?" అంది అమ్మ.

"దర్శకుడికి తెగ నచ్చేసింది. గోడ దగ్గర్నుంచి ముందుకు లాగించాడు. కథానాయిక వేషం వేసే అమ్మాయి దాని ముందు కూర్చుని, చక్రం అరచేత్తో తిప్పుతూ ఏడ్చింది. ఏం ఏడ్చిందనుకున్నావ్! అందరం కళ్ళు తుడుచుకున్నాం."

"తుడుచుకున్నాక తేవచ్చుగా."

"అదే చెప్తున్నా. ఫ్రేములో పడిపోయింది. కథంతా ఆ గదిలోనే. ఇప్పుడు దాన్ని అంగుళం కూడా జరపకూడదు. జరిపితే ఒక షాట్లో ఉన్నది రెండో షాట్లో మాయమైపోతుంది."

"ఎన్నాళ్ళు?"

నాన్న రెండో చెప్పు విప్పాడు. "ముప్పై ఎనిమిది రోజులు."

అమ్మ కేకలేస్తుందనుకున్నాను. వెయ్యలేదు. గోడవైపు నుంచి నానమ్మే అంది, "మనల్ని కూడా ఫ్రేములో పెట్టేస్తే పోయేది, అందరం ఒక్కచోటే ఉండేవాళ్ళం." పక్కింటివాళ్ళ మిషన్ అడుగుదామా అన్నాను నేను. పరాయి మిషన్ మీద తనకు చెయ్యి కుదరదంది అమ్మ. పొద్దున్నే లేచి, కత్తిరించిన గుడ్డంతా రెండు మూటలు కట్టి, ఒకటి నా నెత్తిన పెట్టింది.

"మిషన్ ఇంటికి రానంటే మనమే వెళ్దాం, పద."

ఆ పాత ఇంటి గుమ్మంలో అడుగు పెట్టగానే నెత్తిన మూటతో అలాగే నిలబడిపోయాను. మా ఇల్లంతా అక్కడుంది. మా పరదాల్లోంచి ఎండ పడుతోంది. నా బల్ల మీద నేనే ఒలకబోసిన సిరా మరక. మా కుర్చీల్లో ఎవరో మనుషులు కూర్చుని, మా గ్లాసుల్లో నీళ్ళు తాగుతూ, రాత్రి పడ్డ గొడవ గురించి మాట్లాడుకుంటున్నారు. అమ్మ గుమ్మం దగ్గరే ఆగి నాలుగు మూలలా చూసింది.

"ఇల్లు బాగుంది. మన ఇంట్లో ఎప్పుడూ ఇంత బాగా సర్దలేదు మీ నాన్న," అంది.

దర్శకుడికి ముప్పై ఏళ్ళుంటాయి. బక్కగా, గడ్డం గోక్కుంటూ ఉండేవాడు. నాన్నని బాబాయ్ అని పిలిచేవాడు కాబట్టి అమ్మ వచ్చీరాగానే పిన్ని అయిపోయింది. ఆయన భయపడుతూనే ఒప్పుకున్నాడు. షాట్‌కీ షాట్‌కీ మధ్య అమ్మ అక్కడే కూర్చుని కుట్టుకోవచ్చు. శబ్దం చూసే ఆయన చెయ్యి ఎత్తగానే ఆపెయ్యాలి. సినిమాలో ఆ అమ్మాయి కుట్టేది ఒక ఆకుపచ్చ గుడ్డ. అమ్మ తన యూనిఫారం తీసేసి, ఆ పచ్చగుడ్డని మళ్ళీ సూది కింద అదే మడతతో, అదే కుట్టు దగ్గర పెట్టి, సూది కిందికి దింపి లేచిపోవాలి.

"దారం రంగు మార్చకండి పిన్నీ. గుడ్డ కొస ఎటు వేలాడుతుందో అది కూడా..."

"ఎటు వేలాడాలో నాకు తెలుసులే నాయనా, నువ్వెళ్ళి నీ పని చూసుకో," అంది అమ్మ.

అలా మొదలైంది. రోజుకు పదిసార్లు, పదిహేనుసార్లు ఆమె ఆ పచ్చగుడ్డ తీసి పెట్టేది. మొదటి వారం సుద్దముక్కతో గుర్తులు పెట్టుకుంది. రెండో వారం సుద్ద అవసరం లేకపోయింది. కుట్లు లెక్కపెట్టి చూసుకునేది. షాట్ జరుగుతున్నంతసేపూ ఒక మూల స్టూలు మీద చేతులు ఒళ్ళో పెట్టుకుని కదలకుండా కూర్చునేది. వేడికి పంకా వేసుకోవడానికి లేదు, శబ్దం వస్తుంది. శబ్దం చూసే ఆయన చెవులకు ఎప్పుడూ ఆ పెద్ద డిప్పలుండేవి. ఒకరోజు ఆయన షాట్ ఆపించి, "పిన్నిగారూ, మీ గాజులు ఊపిరి తీసినప్పుడల్లా మాట్లాడుతున్నాయండీ," అన్నాడు. అమ్మ గాజులు తీసి నాకిచ్చింది. నేను పక్క గదిలో కాజాలు కుట్టేదాన్ని.

మూడో వారంలో ఒక మధ్యాహ్నం, భోజనాలయ్యాక, సీను మళ్ళీ మొదలుపెట్టారు. కథలో తమ్ముడు వేషం వేసే అబ్బాయి గుమ్మం దగ్గర నిలబడ్డాడు. కెమెరా తిరగబోతోంది.

"ఆ అబ్బాయి ఎడమ చెయ్యి చూడండి," అంది అమ్మ మూలలోంచి.

అందరూ ఆ చెయ్యి వైపు చూశారు. చెయ్యి బాగానే ఉంది.

"పొద్దున చొక్కా మూడు మడతలుంది. ఇప్పుడు రెండే."

దర్శకుడు పొద్దున తీసింది తిప్పి చూశాడు. మూడే. అది చూసుకోవలసిన మనిషి నాన్న. ఆయన కాగితంలో కూడా రెండు అనే రాసుంది. నాన్న నవ్వేసి, "అష్టావధానంలో ఒకటి జారిందర్రా," అన్నాడు. అందరూ నవ్వారు. నాన్న బయటికెళ్ళి, చక్కగా చుట్టి ఉన్న కరెంటు తీగని మొత్తం విప్పి, మళ్ళీ చుట్టాడు. కిటికీలోంచి నేను చూశాను.

ఇక అప్పటినుంచి ప్రతి షాట్‌కి ముందు దర్శకుడు మూలకి తిరిగి, "పిన్నీ, సరేనా?" అని అడగడం అలవాటైపోయింది. అమ్మ పెద్దగా పట్టించుకున్నట్టు కనబడేది కాదు.

"గ్లాసులో నీళ్ళు తగ్గాయి," అనేది. లేదా, "పరదా ఇందాక కుర్చీని తాకలేదు." ఇంకోసారి, "ఆ పిల్ల ఇందాక కుడికంట్లోంచి ఏడ్చింది."

ఇంటికొచ్చాక మాత్రం పాత పాటే. సినిమావాళ్ళకి బుద్ధీ జ్ఞానం ఉండవనీ, ఈ ఒక్క సినిమా అయ్యాక ఆ వ్యాను మన వీధిలో కనబడితే ఊరుకోననీ నానమ్మతో చెప్పేది. చెప్తూ చెప్తూ మధ్యలో ఆగి, "మీ కళ్ళజోడు పొద్దున కుడిపక్క ఉండాలి కదూ?" అనేది.

సినిమా చివర ఏం జరుగుతుందో అమ్మకెవరూ చెప్పలేదు. ఆమె కూడా అడగలేదు. అయిదో వారంలో ఆ కథానాయిక అమ్మాయి టీ తాగుతూ, మిషన్ మీద చెయ్యి వేసి, "చివర్లో దీన్ని పారేస్తారంటే నాకే ఏదోలా ఉంది పిన్నీ," అంది. అద్దె ఇల్లు ఖాళీ చేయించే సీను. సామానంతా వాకిట్లోకి విసిరేస్తారు. ఆఖరున మిషన్‌ని వసారా మెట్ల మీంచి దొర్లిస్తారు. దాని తల ఊడి మట్టిలో పడాలి. సినిమా అక్కడ అయిపోతుంది.

ఇంటికి నడిచి వస్తూ అమ్మ అడిగింది, "మిషన్ కూడానా?"

"డమ్మీ చేస్తున్నా. నీ మిషన్ మీద ఈగ వాలనిస్తానా?" అన్నాడు నాన్న.

నిజంగానే చేశాడు. ఇనప స్టాండుకి దెబ్బ తగిలినా ఏమీ కాదు, భయమంతా పైన ఉండే మిషన్ తలకే. దాన్ని పెరట్లో కూర్చుని వారం పాటు కొయ్యతో చెక్కాడు. రేకు తొడిగాడు. నల్లరంగు వేసి, అమ్మ చెయ్యి రుద్దుకుని అరిగిపోయిన పూల బొమ్మలు కూడా ఎక్కడెక్కడ ఎంత అరిగాయో అంతే అరగదీశాడు. బరువు కోసం లోపల ఇనప ముక్కలు కూరాడు. ఆఖరున చక్రం పెట్టాడు. వేలితో తిప్పి చూశాడు. కాసేపు దాన్నే చూస్తూ కూర్చున్నాడు. తర్వాత ఒక మేకు కొట్టి, ఇంకా నమ్మకం లేనట్టు రెండోది కూడా కొట్టాడు. పడ్డప్పుడు ఊడిపోకుండా కాబోలు అనుకున్నాను నేను. అది తెచ్చి లోపల పెడితే, అసలుదే తిరిగొచ్చిందనుకుని నానమ్మ డమ్మీకే దారం ఎక్కించబోయింది.

ఆఖరి రోజు వచ్చేసరికి అమ్మ దగ్గర ఇంకా పద్నాలుగు జతలు మిగిలాయి. బడి తెరవడానికి నాలుగు రోజులుంది. ఆ పూటకి షూటింగు అయిపోతే మిషన్ ఇంటికొచ్చేస్తుంది, నాలుగు రోజుల్లో పద్నాలుగు జతలు ఆమెకు ఎడంచేతి పని. పొద్దున్నే అసలు తల ఊడదీసి, దుప్పట్లో చుట్టి పక్క గదిలో పెట్టేసింది. ఆ గది తలుపు దగ్గరే కూర్చుంది.

సాయంత్రం నాలుగింటి ఎండలో తియ్యాలని దర్శకుడి పట్టుదల. తెల్లారితే ఆ ఇల్లు ఖాళీ చేసి తాళాలివ్వాలి. కథానాయిక అదే సాయంత్రం వెళ్ళిపోతోంది. నానమ్మ కూడా, ఆ పొద్దున తను లేవగానే పట్టుకొచ్చేసిన కుర్చీని ఎవరు విసిరేస్తారో చూడాలని వచ్చి కూర్చుంది. కెమెరా తిరిగింది. నా మంచం, మా పరుపు, పరదాలు, కుర్చీలు ఒకదాని మీద ఒకటి వాకిట్లో పడ్డాయి. ఆఖరికి ఇద్దరు మనుషులు మిషన్‌ని మెట్ల దాకా తెచ్చి తోశారు. స్టాండు మూడు మెట్లు దొర్లింది. తల ఊడి, మట్టిలో పడి, మెడ దగ్గర రెండు ముక్కలైంది.

"ఓకే!" అని అరిచాడు దర్శకుడు. అందరూ చప్పట్లు కొట్టారు. ఎవరో ఎవర్నో కావలించుకున్నారు. నాన్న హాయిగా ఊపిరి పీల్చుకున్నాడు.

"చక్రం తిరగలేదు," అంది అమ్మ.

పెద్దగా అనలేదు. కానీ ఆ మూలనుంచి వచ్చే గొంతు వినడం అప్పటికి అందరికీ అలవాటు. చప్పట్లు ఆగిపోయాయి.

"ఏంటి పిన్నీ?"

"మిషన్ అలా పడితే చక్రం తిరుగుతుంది. మొదటి రోజు నుంచీ ఆ పిల్ల అరచేత్తో తిప్పుతూనే ఉంది కదా దాన్ని. ఇప్పుడు తిరగలేదు. చెక్కలా పడింది."

దర్శకుడు తీసింది తిప్పి చూశాడు. మూడుసార్లు చూశాడు. తర్వాత మెట్ల మీద కూలబడి, గడ్డం గోక్కున్నాడు. నాన్న విరిగిన డమ్మీని చేతుల్లోకి తీసుకున్నాడు.

"ఇది రేపటికి గానీ అతకదు," అన్నాడు.

"పోనీలే పిన్నీ. ఎవరూ చూడరు," అన్నాడు దర్శకుడు. ఆ మాట అనాలి కాబట్టి అన్నాడని అందరికీ తెలుసు. ఒక్క మాట కూడా అంతకుమించి అడగలేదు. ఆ విషయంలో ఆయన్ని నేను ఇప్పటికీ తప్పు పట్టను.

"నేను చూశానుగా," అంది అమ్మ.

లేచి పక్క గదిలోకి వెళ్ళింది. నాన్న వెనకాలే వెళ్ళాడు.

"పద్నాలుగు జతలున్నాయి," అన్నాడు.

"తెలుసు."

దుప్పటి విప్పి, తలని తనే మోసుకొచ్చి, స్టాండుకి బిగించింది. పచ్చగుడ్డ అడిగి తీసుకుని, సూది కింద అదే మడతతో పెట్టి, సూది దింపింది. ఆ తర్వాత వెళ్ళి తన మూలలో చేతులు కట్టుకుని నిలబడింది. విసిరిన సామానంతా మళ్ళీ లోపలికి మోశారు, మళ్ళీ విసిరారు. మెట్ల మీంచి మిషన్ పడ్డప్పుడు శబ్దం చూసే ఆయన చెవుల మీది డిప్పలు ఒక్కసారిగా ఊడబెరుక్కున్నాడు. ఇనుము విరిగిన చప్పుడు వాకిలంతా వినబడింది. తల మట్టిలో ఒక పక్కకు ఒరిగి పడింది. చక్రం తిరుగుతూనే ఉంది. ఎండ దాని అంచున మెరుస్తూ, తగ్గుతూ, మళ్ళీ మెరుస్తూ, ఎంతకీ ఆగదేమో అనిపించింది. దర్శకుడు అది పూర్తిగా ఆగేదాకా కట్ చెప్పలేదు.

ఈసారి ఎవరూ చప్పట్లు కొట్టలేదు. అందరూ మూలవైపు చూశారు.

"సరిపోయింది," అంది అమ్మ.

సామానంతా వ్యానులోకి ఎక్కించి ఇంటికొస్తున్నాం. నాన్న నడుపుతున్నాడు. అమ్మ పక్కన కూర్చుంది. వెనక నానమ్మ తన కుర్చీలో, నేను కింద, నా కాళ్ళ దగ్గర పగిలిన మిషన్.

"మీరు చూడలేదా?" అంది అమ్మ ఉన్నట్టుండి.

"చూశాను."

"ఎప్పుడు?"

"చక్రానికి మేకు కొట్టినప్పుడే. తిరిగేట్టు చెయ్యొచ్చు. కానీ పడ్డప్పుడు ఊడిపోతే మళ్ళీ తియ్యాలంటారు. మళ్ళీ అంటే..." గేరు మార్చాడు. "వాళ్ళు చూడకపోతే అక్కడితో పోతుందనుకున్నా. నీ మిషన్ కదా."

ఇన్నేళ్ళలో నాన్న తెలిసీ వదిలేసిన తప్పు అదొక్కటే. దాన్ని పట్టుకున్నది అమ్మ. ఆమె కిటికీవైపు తిరిగి చాలాసేపు ఏడ్చింది. మిషన్ కోసమా, మేకు కోసమా నాకు తెలియలేదు. నాకు మాత్రం ఇద్దరిమీదా ఒళ్ళుమండింది. నాన్నకు ఈ పని వదిలెయ్యమని చెప్పాల్సిన మనిషే అందులో కాలు పెట్టిందని, అంతవరకూ అర్థమైంది.

మిగిలిన పద్నాలుగు జతలూ చేత్తో కుట్టాం. అమ్మ, నేను, నానమ్మ, నాన్న. శబ్దం చూసే ఆయన కూడా రెండు పూటలు వచ్చాడు గానీ ఆయనకు సూదిలో దారం ఎక్కించడమే రాలేదు. బడి తెరిచే పొద్దుటికి నూట పదిహేడు అయ్యాయి. మూడు తక్కువ. బడివాళ్ళు ఏమీ అనలేదు. మరుసటి ఏడాది మాత్రం ఆ పని ఇంకొకరికి ఇచ్చారు.

వానలు మొదలయ్యాయి. నాన్న మిషన్‌ని అతికించాడు. కుడుతుంది గానీ పది కుట్లకు ఒకటి జారిపోయేది. ఒక పొద్దున్న మా వాకిట్లో వ్యాను ఆగింది. నాన్న టీ సగం తాగి, గ్లాసు కుర్చీ చేతి మీద పెట్టి, సంచీ భుజాన వేసుకుని, ఒక కాలికి చెప్పు తొడిగాడు. లోపలికొచ్చింది దర్శకుడే. గుమ్మంలో నిలబడి తడిసిన గడ్డం గోక్కున్నాడు.

"బాబాయ్, ఈసారి... పిన్ని కోసం వచ్చాను. సినిమా నాది కాదు, మా స్నేహితుడిది. వాళ్ళకి చూసే మనిషి కావాలట."

నాన్న ఒక చెప్పుతోనే నిలబడిపోయాడు. అమ్మ లోపల్నుంచి చెయ్యి తుడుచుకుంటూ వచ్చి, తనకు కుదరదనీ, బోలెడు పనుందనీ ఏదో అనబోయింది. నాన్న సంచీ దింపాడు. అందులోంచి సుద్దముక్క, పెన్సిలు, తన కాగితాల అట్ట తీసి ఆమె చేతిలో పెట్టాడు.

"ఒక్కటే మాట. ఇంట్లోంచి ఏదీ పట్టుకెళ్ళకు," అన్నాడు.

అమ్మ నవ్వలేదు. వ్యాను ఎక్కబోతూ వెనక్కి తిరిగి, "నేనొచ్చేదాకా ఇక్కడ ఏదీ జరపకండి," అంది.

ఆ తర్వాత ఆమె ముప్పై ఒక్క సినిమాలకు పనిచేసింది. చూడటంతో మొదలుపెట్టి కత్తిరింపు, కుట్టు, రంగులు, చివరికి వ్యాను నడపడం దాకా అన్నీ నేర్చుకుంది. కొన్నిటికి నాన్న కూడా వెళ్ళేవాడు, ఆమె కింద. పిన్నిగారి భర్త అని పిలిస్తే పలికేవాడు. అదంతా తర్వాత. ఆ మొదటి రోజు పొద్దుపోయే వేళకు అమ్మ తిరిగొచ్చేసరికి మా ఇంట్లో కుర్చీ కాళ్ళ చుట్టూ సుద్దగీతలున్నాయి. గోడ పక్క మిషన్ చుట్టూ సుద్దగీత. గుమ్మంలో ఒంటరి చెప్పు చుట్టూ సుద్దగీత. సంచీ పొద్దున దింపినచోటే ఉంది. నాన్న చేతులు ఒళ్ళో పెట్టుకుని, ఏమీ ఎరగనట్టు కూర్చున్నాడు. ఇంట్లో ఇంకో సుద్దముక్క ఉందని నాకు అప్పటిదాకా తెలియదు.

అమ్మ అట్ట పక్కన పెట్టి, నడుం మీద చేతులు వేసుకుని, నాలుగు మూలలా నిదానంగా చూసింది. కుర్చీ చేతి మీది గ్లాసు దగ్గర ఆమె చూపు ఆగింది.

"టీ తగ్గింది," అంది.